ఎర్ర చుక్క

మూడు లాంతర్ల కాడ
మూడొందల యాబైకి కొన్నాడు మా దాలినాయుడు.
"అత్తా, తుపాకీకి కన్నెట్టేను, సూడు."

సూసేను.
పగలు దాని చుక్క ఎండలో కలిసిపోతాది,
చెయ్యి అడ్డంపెట్టి ఎతుక్కోవాల.
పొద్దుగూకినాక మాత్రం
బెలూన్ల పలక మీద
నల్లిలా పాకింది.

పది గుండ్లు కాల్చేను.
మొదటి మూడూ చుక్కకి బెత్తెడు ఎడమ.
స్క్రూ తిప్పితే బెత్తెడు కుడి.
ఆరో దెబ్బకి చుక్కే జారి
పక్క కొట్టు జీళ్ల పళ్లెంలో పడింది.
సైకిల్ ట్యూబు ముక్కతో బిగించేం.
బేటరీ రెండు రాత్రులు.

గొట్టం వంకర నాకు తెలుసు,
పెళ్లైన ఏడాది మా ఆయనా నేనూ కలిసే వంచేం.

సిరిమాను నాడు జనం.
ఇన్నేళ్లూ గురి తప్పినోడు
తన చేతిని తనే తిట్టుకుని నవ్వీవోడు,
ఇంకో పది తీసీవోడు.
ఈ ఏడు ఓ గుంట
చుక్కని పచ్చ బెలూను మీద నిలబెట్టి
ఊపిరి బిగబట్టి నొక్కింది.
పచ్చది అలాగే ఊగింది.
గుంట నవ్వలేదు.
తుపాకీ బల్ల మీద పెట్టి
నా మొహంలోకి సూసింది.

ఆ రాత్రే ఊడదీసేను.
ఇప్పుడది దాలినాయుడు జేబులో ఉంది.
పిల్లిని ఆడించడానికైతే
బాగా పనికొస్తాది.