వేలిగుంతలు

నక్కలగుట్ట హోటల్ మేనేజ్‌మెంట్ కాలేజీ,
మూడో అంతస్తుల కిచెన్.
ఎగ్జాస్ట్ ఫ్యాన్ ఎన్నడు తిరగలే.
అండ్లనే ఏడాది పనిచేసిండు కీత్ సారు.
మనిషి ఇంగ్లీషాయన, నేర్పేది ఇటలీ వంట.

"అదేంది సార్, మీది ఇటలీ కాదు గదా" అని
మొదటిరోజే అడిగిండు పరకాల పిలగాడు.
సారు ఉల్లిగడ్డ కోసుడు ఆపలే.
"మా అమ్మ
నీళ్ళల్ల ఏసిన ఆలుగడ్డను సుత మాడగొట్టేది" అన్నడు.
గంతే. మల్ల ఎవ్వరు అడగలే.

ఆయన బతుకు మాకు వరుసగ దొరకలే.
మైదా జల్లెడ పట్టేటప్పుడు ఇంత,
ఎసరు మరిగేదాక ఇంత.
పదిహేనేండ్లకు చేపల దుకాణంల పొట్టు తీసుడు.
ఇరవై రెండేండ్లకు వాళ్ళ నాయిన బాయి మూతవడ్డదట.
బొగ్గుబాయి అని ఆయనంగనే
నేనొక్కదాన్నే చాకు ఆపిన.
నాది భూపాలపల్లి.
మా నాయిన మొండయ్యది ఫస్ట్ షిఫ్టు.

ఆ యేడే జెనోవా రేవుకు పోయి
ఒక రొట్టెల ముసలమ్మ దగ్గర కుదిరిండట.
ఈయనకు ఆమె భాష రాదు, ఆమెకు ఈయన భాష అక్కరలేదు.
పిండి గట్టిగ నొక్కితే చేతిమీద ఒక దెబ్బ,
మరీ మెల్లగ నొక్కితే రెండు.
"రెండేండ్లకు కొట్టుడు బంద్ చేసింది.
అదే నా సర్టిఫికెట్."

తర్వాత సొంత హోటలు,
ఎప్పుడు వాన పడే ఊర్ల, పదకొండు బల్లలు.
ఇరవై ఏడేండ్లు.
పేపర్ల ఫోటో పడ్డది. పెండ్లాం పోయింది,
సచ్చిపోయిందో ఇడిసిపోయిందో
ఆయన ఇంగ్లీషుల మాకు సమజ్ కాలే,
అడగ బుద్ధి కాలే.
కిరాయి పెరిగింది. ఓవెన్ తూకానికి అమ్మిండు.
ఆ మాట చెప్పిన రోజు
సాస్‌ల ఉప్పు రెండుసార్లు ఏసిండు,
మేం సప్పుడు చెయ్యక తిన్నం.

ఆలివ్ నూనె డబ్బా ప్రిన్సిపాల్ బీరువాల, తాళం కింద.
మాకు పల్లినూనె.
ఆయనడిగిన ఆకు ఇదే అనుకొని
హాస్టల్ ఎనక తులసి తెంపుకొస్తే
వాసన చూసి,
పాపం, థాంక్యూ అన్నడు.

నవంబర్ల ఒక ఆదివారం
బాయి చూస్తనని నాతోని బస్సెక్కిండు.
గేటుకాడ సెక్యూరిటీ ఆపితే
అవుతలికెళ్ళే చాలాసేపు చూసిండు.
క్వార్టర్ల నాయిన, సారు ఎదురెదురుగ కూసున్నరు.
ఒకరి మాట ఒకరికి రాదు.
నాయినకు దగ్గు లేసింది.
దగ్గు అయిపోకముందే నీళ్ళ గ్లాసందించిండు సారు,
ఎన్నో దగ్గుకు నీళ్ళు గావాల్నో ఎరికైనోని తీరు.

అమ్మ ఓదెలమ్మ పీటేసుకొని
సర్వపిండి పెట్టబట్టె.
బియ్యప్పిండి, నానిన శనగపప్పు, నువ్వులు, ఉల్లాకు.
గంజు అడుగుకు ముద్ద అద్ది
వేళ్ళతోని గుంతలు గుంతలు చేసి
గుంతకో చుక్క నూనె పోసింది.

సారు కుర్చీలకెళ్ళి లేచిండు.
చేతులు కడుక్కున్నడు, మోచేతుల దాక,
మాకు కాలేజీల నేర్పినట్టే.
కింద కూసొని రెండో గంజు ముందటికి గుంజుకున్నడు.
గట్టిగ నొక్కిండు.
అమ్మ చేతిమీద ఒక్కటేసింది.
"మెల్లగ! అడుగు కనవడ్తాంది."
నేను నాలిక కరుసుకున్న.
ఆయన నవ్వలే.
మెల్లగ నొక్కిండు.
ఇంకొకటి పడ్డది.

ఎండకాలంల ఎల్లిపోయిండు.
నేనిప్పుడు హన్మకొండల పెండ్లిళ్ళకు కౌంటర్ పెడ్త.
ట్రేల రొట్టెపిండి పరిచి వేళ్ళు దించేటప్పుడు
ఎందుకో చెయ్యి కొంచెం ఎనకకు గుంజుకుంట.

మొన్న అమ్మను అడిగిన,
ఆ తెల్లసారు యాదికున్నడా అని.
"చెయ్యి మంచిదే" అన్నది గంజు తోముకుంట.
"ఇంకో యేడు ఉంటే వస్తుండె."