కాటా మాట

పలాసలో పదకొండయింది.
జీడి బాయిలర్ పొగ రేకుల కింద నలుగుతోంది.
నిన్న సాయంత్రం నుంచి కాటా నోరు విప్పలేదు.

పాత కంప్యూటర్‌తో అయితే
తొమ్మిది పిన్నుల తీగ మీద చక్కగా మాట్లాడేది.
కొత్త లాప్‌టాప్‌కి ఆ చెవి లేదు.
కాశీబుగ్గ బస్టాండు పక్క కొట్లో
నూట ఎనభైకి కొన్న నీలం తీగ:
ఒక కొనకి యూఎస్‌బీ, ఇంకో కొనకి పాత సీరియల్ మూతి,
మధ్యలో చింతగింజంత చిప్పు.

తగిలించగానే లాప్‌టాప్ అడుగుతుంది,
ఎవరింటి దానివి?
చిప్పు రెండు అంకెలు చెబుతుంది.
ఒకటి ఇంటిపేరు, ఒకటి పేరు.
ఆ ఇంటిపేరు ఎరిగిన డ్రైవరు లోపల ఉంటే
లేచొచ్చి ఇద్దరి మధ్యా కూర్చుంటాడు.
ఇవాళ లేచొచ్చాడు. పరకాయించి చూశాడు.
మా ఇంటిది కాదు, ఎరువు తెచ్చుకున్న పేరు, అని
పసుపుపచ్చ ముక్కోణం అంటించి వెళ్ళిపోయాడు.

"ఏటి బాబూ, మాటాడతందా నేదా?"
వరసలో మొదట దాలమ్మ, చంకలో బుట్ట.
జీడి రసం తినేసిన వేళ్ళు.
పోయిన నెల రేషను కొట్లో
వేలిముద్రల మిషను కూడా
ఆమెని ఆమె కాదంది.

ఫోన్లో నెట్టు పెట్టి పాత డ్రైవరుని వెతికాను.
పదేళ్ళ కిందటివాడు,
ఇంటిపేర్ల పట్టింపు లేనివాడు.
అది నెమ్మదిగా దిగుతుంటే
మందస సంతలో సవర సోంబరు గుర్తొచ్చాడు.
కొండ మీంచి చింతపండు దిగిన రోజు
సవర మాట ఇటు, తెలుగు మాట అటు
తన మాట ఒక్కటీ కలపకుండా చేరవేసేవాడు.
బేరం తెగాక
ఎవరూ అతని వైపు చూసేవారు కాదు.

ముక్కోణం పోయింది.
కాటా నోరు విప్పింది:
ప్రశ్నార్థకాలు, ఖాళీ డబ్బాలు, ఏ భాషవో తెలియని ముక్కలు.
"జొరమొచ్చినోడి పలవరింతనాగుంది"
తొంగి చూసి అంది దాలమ్మ.
నిజమే. చెప్పేది నిదానం, వినేది తొందర.
వినే వేగాన్ని తొమ్మిది వేల ఆరొందలకి దించాను.

బుట్ట ఇంకా చంకలోనే ఉంది.
"ఆరున్నర. బుట్టతో కలిపి" అంది.
కాటా మీద పెట్టింది.
తెర మీద 6.480.

"ఇరవై గ్రాములు ఎవులు తినేసినట్టు?"
వరసంతా నవ్వింది.

తీగ కదిలితే మళ్ళీ అలుగుతుందని
టేబులు కాలికి పురికొసతో కట్టాను.
గుమస్తా బిల్లు రాస్తూ ఆగాడు.
తీగకి నూట ఎనభై,
మీ చేతికి మూడొందలు,
మరి ఆ డ్రైవరుకి?

అతనికేం ఇయ్యక్కర్లేదు, అన్నాను.

రెండో బుట్ట ముందుకి జరిగింది.