ఆటంకం

కుర్మయ్య సారు సున్నం డబ్బకు బొక్కలు పొడిచి
తారు రోడ్డు మీద గీత గీసిండు.
ఎండకు తారు మెత్తవడ్డది, సున్నం సరిగ పట్టలే,
రెండుసార్లు గీసిండు.

అడ్డాకుల దాటినంక, మా బడి గేటు ముందట.
గేటు లోపట జేసీబీ
కబడ్డీ కోర్టు నడుమ గుంత తవ్వుతుండె
సబ్‌స్టేషన్‌కు.
"ఇంక జాగ ఏడున్నది మరి" అన్నడు ఇంజినీరు.
రోడ్డున్నది గదా, అన్నది అలివేల.

ఏడుగురం ఇటు, ఏడుగురం అటు.
చున్నీలు నడుములకు బిగించి తొడ కొట్టినం.
కర్నూలు బస్సు ఆగింది. ఉల్లిగడ్డల లారీ ఆగింది.
ముందుగాల హారన్లు, ఎన్క తిట్లు,
ఆ ఎన్క ఉల్లిగడ్డల డ్రైవరు క్యాబిన్ మీదికెక్కి కూసొని
"ఓ నీలంగి పిల్లా, ఎడమ దిక్కు సూస్కో" అని ఒర్రుడు.

నినాదాలు నేర్చుకొని రాలే మేము.
కూత వెట్టినం, అంతే.
ఒక్క దమ్ముల ఎంత దూరం పోతే అంత.
దమ్ము తెగితే సచ్చినట్టే.
మనోళ్ళు ఒక పాయింటు తెస్తే
సచ్చినోళ్ళు లేచి వస్తరు.
ఆటల నాకు నచ్చేది ఇదొక్కటే.

కానిస్టేబుల్ మైనొద్దీన్ లాఠీ వట్టుకొని ఉరికొచ్చి
గీత కాడ ఆగిండు. బూటు గీత మీద వెట్టలే
(జిల్లాకు ఆడిండంట, తర్వాత తెలిసింది).
జంగమ్మ పట్టు జారితే
"మోకాలు గాదమ్మా, మడిమె వట్టు" అని మెల్లగ అన్నడు.
మళ్ల ఎస్సై దిక్కు సూసి ఈల ఊదిండు.

"మీ లీడర్ ఎవరు?" అన్నడు ఎస్సై.
అలివేల కూతల ఉంది,
జవాబు చెప్తే ఔటు.
కబడ్డి కబడ్డి అనుకుంటనే
ఆయన చుట్టు తిరిగి పోయింది.

కేసు కాయితంల రాసిండ్రు:
రాకపోకలకు ఆటంకం.
ఠాణా బయట అలివేల ఆ మాట మీద ఏలు వెట్టి
"సూడుర్రి, మొదలు ఆట అనే ఉన్నది" అన్నది.
కుర్మయ్య సారు నవ్వలే.
ఆయనకు మెమో వచ్చింది.

పాలమూరు కోర్టుల పన్నెండు వాయిదాలు,
బస్సు కిరాయిలు మావే.
కేసు కొట్టేసిండ్రు. సబ్‌స్టేషన్ కట్టిండ్రు.
మా ఇంట్ల కరెంటు మంచిగనే ఉంటది, అబద్ధం చెప్ప.

తొమ్మిదేండ్లకు, నిన్న
నా బిడ్డను బడిల ఎయ్యనీకి పోయిన.
కంచె అవతల ట్రాన్స్‌ఫార్మరు
గుయ్యిమంటుంది, రాత్రీ పగలూ
ఒక్కటే దమ్ము.
మా కోర్టుల జొరవడ్డ రైడరు
ఇంకా గీత దాటి వాపసు పోలే.

కంచె పక్కపొంటి, మిగిలిన జానెడు జాగల
ఎవరి పిల్లలో నలుగురు
చేతులకు చేతులు వట్టుకొని
మోకాళ్ళు వంచి నిలవడ్డరు.