రెండో చుక్క

సుక్కూరు నుంచి వెయ్యి ప్రతులు దిగాయి.
కట్ట విప్పి మొదటి పుట తిప్పగానే
నా కళ్లు చుక్క కోసమే వెతికాయి.
లేదు.

రాతగాడిని నేను. అరబ్బీ అంతంతమాత్రం.
అర్థాలు ఆఖుంద్ వలీడినోవి,
చుక్కలు మాత్రం నావి.
అరబ్బీకి ఇరవై ఎనిమిది అక్షరాలు చాలు,
మా సింధీకి యాభై రెండు కావాలి.
నోరు పెద్దదని కాదు,
ఊపిరి లోపలికి గుంజుతూ పలికే మాటలు
మాకు కొన్ని ఉన్నాయి.

దువాల పుస్తకం. పదకొండేళ్ల పని.
"రహ్మత్" దగ్గర ఆఖుంద్
ఒక రంజాన్ నెలంతా ఆగిపోయాడు.
అలాగే ఉంచేస్తే సరి అన్నారు పెద్దలు,
తెలియని మాటకు తలొంచడం కూడా భక్తే అన్నారు.
ఆయన ఏమీ అనలేదు,
అజ్రక్ కొసతో మెడ తుడుచుకున్నాడు.

ఒక తెల్లారి
పాలు పోయడానికొచ్చిన మాయీ భాగుల్‌ని అడిగాడు:
"తల్లి చచ్చిన పరాయి దూడని
మీ గేదె దగ్గరికి రానిచ్చి నాకుతుంది చూడు,
దాన్నేమంటారు మీ ఇంట్లో?"
ఆమె చెంబు వంచుతూనే అంది:
"ఏమంటాం? బాఝ్."

ఆ 'బ' అరబ్బీ 'బ' కాదు.
పెదాలు మూసి, కాస్త గాలి మింగి, అప్పుడు విడవాలి.
కింద ఒక చుక్క, దాని కింద ఇంకొకటి.
ఆఖుంద్ లేచి నిలబడ్డాడు.
పాలు పొంగి పొయ్యి ఆరింది,
ఆ రోజు ఎవరూ ఎవరినీ తిట్టలేదు.

అచ్చు చూడకుండానే పోయాడాయన.
సుక్కూరు రాతి అచ్చులో పనిచేసే కుర్రాడికి
రెండో చుక్కలన్నీ సిరా మరకల్లా కనిపించాయట.
ఒక్కొక్కటే గీకేశాడు, ఎంతో ఓపిగ్గా.
ఒంటి చుక్కతో అది మా మాట కాదు:
ఊపిరి బయటికే పోతుంది,
దేన్నీ లోపలికి తెచ్చుకోకుండా.

ఇప్పుడు వసారాలో కూర్చున్నాను,
రెల్లు కలం, సిరాబుడ్డి, మోకాలి మీద పలక.
ప్రతికి నూట నలభై ఆరు చోట్ల. వెయ్యి ప్రతులు.
మా అబ్బాయి లెక్క వేసి నవ్వాడు.
నాకు డెబ్బై ఒకటి, ఆ లెక్క కూడా వేసే ఉంటాడు.

చుక్క పెట్టినప్పుడల్లా
పెదాలు వాటంతటవే మూసుకుంటున్నాయి,
ఇంత గాలి లోపలికి పోతోంది.
కూలి అనుకుంటే అదే.

ముప్పై ఏడో ప్రతి పక్కన పెట్టాను, మాయీ భాగుల్‌కి.
చదవడం రాదామెకి.
చుక్కలు చూపిస్తాను.