వంటగది వరకు

సంతకాలు ఎన్ని పెట్టినానో లెక్క లేదు,
వేలి మీద పెన్ను గాడి పడింది.
మేనేజరు నవ్వతా అన్నాడు:
"కొండమీద సామికే తప్పలేదు డ్రైవరన్నా, మనమెంత!"
నేనూ నవ్వినా.
ఇరవై అయిదు లక్షలు, ఇరవై ఏళ్ళు,
నెలకి ఇరవై ఒక్క వేల ఆరొందల తొంభై ఆరు.
"ఆఖర్న ఆరు రూపాయలు కూడా వదల్లేదే"
అనింది సుగుణ, కాయితం మడిచి.

కరకంబాడి రోడ్డులో మూడో అంతస్తు.
కిటికీ తెరిస్తే కొండ.
పగలంతా నేను తిరిగిన మలుపులే
రాత్రికి లైట్లు వేసుకుని
ఇంట్లోకి తొంగి చూస్తా ఉంటాయి.

మూడేళ్ళు. ముప్పై ఆరు అయిదో తేదీలు.
ఒక ఆదివారం పాప రఫ్ నోటు వెనక అట్ట మీద
సుగుణ లెక్క వేసింది.
కట్టింది ఏడు లక్షల ఎనభై ఒక్క వేలు.
అసల్లో తగ్గింది లక్షా అరవై మూడు వేలు.
"తక్కిందంతా యాడికి పోయింది?"

నాకు తెలుసు యాడికి పోతాదో.
అలిపిరి దాటి ఎత్తు మొదలైనాక
చిన్న గేర్లో బండి మూలగతా ఉంటాది,
డీజిల్ తాగేది చానా, జరిగేది మూరెడు.
అద్దంలో చూస్తే ఊరు ఇంకా పక్కనే.

ఆ వారమే ఫోనుకు మెసేజీ.
ఎనిమిదిన్నర తొమ్మిదిన్నర అయిందంట.
కంతు మాత్రం పెంచలేదు, మంచోళ్ళు అనుకున్నా.
డబ్బు ముట్టుకోలేదు నిజమే,
నా వయసు ముట్టుకున్నారు.
మొదలుపెట్టిన రోజు రెండొందల నలభై నెలలు.
ముప్పై ఆరు కట్టినాక మిగిలింది
రెండొందల నలభై మూడు.

డిపోలో చెంగల్రాయులు నమ్మలేదు.
"ఎట్లబ్బా, ముందుకు పోయే బండి
వెనక స్టాపులో ఉండేది?"
ఆ లెక్కన
నేను బస్సు అప్పజెప్పి, ఖాకీ విప్పి
రెండేళ్ళు ఇంట్లో కూర్చున్నాక కూడా
అయిదో తేదీ వస్తాది.

పొద్దున ఫస్టు ట్రిప్పు. నిండు బండి.
గుండు పిల్లోడొకడు వాళ్ళ నాయన్ని అడగతా ఉండాడు
"సామి అప్పు ఇంకెంత ఉంది నాయనా?"
అప్పుడు తట్టింది నాకు.
ఆయన వడ్డీ కట్టేదానికి
రోజూ యాభై మందిని ఎక్కించుకుని పోతా ఉండా.
నా వడ్డీ కోసం బస్సెక్కేది
స్టీరింగు ముందర ఒక్కడే.

ఇంటికొస్తే సుగుణ ముగ్గుపిండి తీసుకుని
నట్టింట్లో వంగి ఉంది.
వంటగది గడప పొడుగునా తెల్లటి గీత.
"తీరిన అసలుకు ఇంత జాగా వస్తాది.
ఏడడుగులు, ఎనిమిదడుగులు.
వంటగది మనది. హాలు బ్యాంకుది."
గొంతులో ఏడుపు లేదు,
టైలరుకి కొలత చెప్పినట్టు చెప్పింది.
పాప గీత దాటి పోతా
"అమ్మా, బ్యాంకులో టీవీ చూసొస్తా" అని అరిచింది.
ముగ్గురం నవ్వినాం. నేను కొంచెం ఆలస్యంగా.

డీఏ బకాయి నలభై వేలు వచ్చింది.
నాకు పాత బండి అమ్మి కొత్తది కొనాలని ఉండె.
సుగుణ ఏమీ అనలేదు, రఫ్ నోటు నా పక్కకి తిప్పింది.
బ్యాంకుకి పోయి
"అసలుకే వేసుకోండి" అని రాసిచ్చినా,
ఆ మాట కింద రెండు గీతలు కొట్టి.
కౌంటర్లో అమ్మాయి తల ఎత్తి చూసింది.

నలభై వేలకి నేల కొలిస్తే
మూడు బండలు, నాలుగోదాంట్లో ముక్క.
కాలం కొలిస్తే పన్నెండు నెలలు.
ఈ లెక్క సంతకాల రోజు
ఎవరూ చెప్పలేదు.
మేం అడగనూ లేదు.

తడిగుడ్డతో పాత గీత తుడిచి
ఇంకో గీత గీసింది, ఒక జానెడు హాల్లోకి.
ఆ పొద్దు సెకండ్ డ్యూటీ దిగి వచ్చేసరికి పదకొండు.
చెప్పులు బ్యాంకు గుమ్మంలో వదిలి
బ్యాంకు హాల్లో చాప పరుచుకున్నా.
లోపల పాలగిన్నె మీద మూత కదిలింది,
మన ఇంట్లో.