కలుపు మొక్క

బొగొతా ఎత్తులో నీళ్లకు తొందరెక్కువ,
ఊరికే మరిగిపోతాయి.
కోడికి మాత్రం ఏ తొందరా లేదు.

మూడు రకాల దుంపలు కోశాను.
ఒకటి కరిగి పులుసే అయిపోతుంది,
ఒకటి అంచులు రాలుస్తుంది,
ఒకటి చివరిదాకా నాలాగే మొండి.

జొన్నపొత్తులు విరిచి వేశాక
డబ్బా తీస్తే, గువాస్కాస్ ఆకు
చిటికెడు దుమ్ము మిగిలింది.
అది పడకపోతే ఇది అహియాకో కాదు,
జ్వరమొచ్చినవాడి పథ్యం.

ఆదివారం. కొట్టు మూసేశారు.
కింది వాటా ఎర్మిందా కుండీల్లో
ఆ ఆకు కలుపులా మొలుస్తుందని తెలుసు.
మా పైపు ఆమె గోడ మీద కారిన నాటి నుంచి
మాకు మాటల్లేవు,
ఎనిమిది నెలలు.

గరిటె చేతిలో ఉండగానే మెట్లు దిగాను.
ఆమె వంగి అదే పీకుతోంది.
నన్ను కాదు, గరిటెను చూసింది.
"పారేసేదేగా" అంటూ
వేళ్లతో, మట్టితో సహా
దోసిలి నిండా పోసింది.

తుంచి వేయగానే
మరిచిన పేరు గుర్తొచ్చినట్టు
కుండ ఘుమ్మంది.

మీగడ పోసి, కేపర్లు చల్లి
మొదటి గిన్నె కిందికే పట్టుకెళ్లాను.

చీకటి పడ్డాక తిరిగొచ్చింది గిన్నె,
అద్దంలా తోమి.
లోపల ఒక చీటీ:
"ఉప్పు తగ్గింది.
పైపు ఇంకా కారుతోంది."