మూత

ఎస్పీ రోడ్డు వెనక సందులో, మూడో మెట్టు విరిగిన చోట
నా కొట్టు.
జాగుపెట్టెలు బాగుచేస్తాను.
బోర్డు కన్నడంలో ఒకలా, తెలుగులో ఒకలా ఉంటుంది,
రెంటిలోనూ తప్పులే.

జాగుపెట్టె తెలియనివాళ్లెవరు ఈ ఊళ్లో?
లోపల ఒక్క రెప్పపాటు, బయట ఒక ఏడాది.
జయనగరంలో ఒకావిడ తలంబ్రాలనాటి మల్లెలు
మనవరాలి పెళ్లికి తీస్తే ఇంకా తడి ఆరలేదు.
కోరమంగలలో ఓ కుర్రాడు సగం తిన్న దోసెను
కంపెనీ అమ్ముడుపోయే రోజుకని దాచుకున్నాడు.

దాచిన కాలం ఊరుకోదు కదా.
కుక్కర్లో ఆవిరిలా దారి వెతుక్కుంటుంది.
అందుకే వెనకాల ఓ గొట్టం, బొటనవేలంత.
దాచింది ఏడాదైతే కక్కేది మూడు.
అది ఎటు తిరిగి ఉంటే అటు ఏళ్లు కురుస్తాయి.
పెద్ద ఇళ్ల గొట్టాలు గోడ దాటి సందుల్లోకి చూస్తాయి.
తిప్పేది నేనే.
రసీదులో 'గొట్టం దిశ' అనే గడిలో 'వీధి' అని రాసి
నాలుగు వందలు తీసుకుంటాను.

శ్రావణంలో పుట్టిన కుక్కపిల్ల
దసరాకల్లా పళ్లూడి నా మెట్ల మీద పడుకుంది.
సున్నం కొట్టిన గోడ వారానికే పెచ్చులు.
మోరీ పక్క బొప్పాయి మాత్రం
పొద్దున పూత, సాయంత్రానికి పండు.
కోసుకు తినేవాళ్లం. ఏం చేస్తాం.

మొన్న మంగళవారం చౌడమ్మ వచ్చింది.
చంకలో చిన్న పెట్టె, బ్యాటరీ మీద నడిచే పాత రకం,
మూలన సొట్ట, ఆగి ఆగి కొట్టుకుంటోంది.
డెబ్బై ఉంటాయనుకుని స్టూలు లాగాను.
"కూర్చో అవ్వా" అన్నాను.
కార్డు చూపించింది. నలభై ఒకటి.
నాకన్నా రెండేళ్లు చిన్న.

లోపల స్టీలు గ్లాసులో సగం కాఫీ.
ఆవిరి లేవబోయి ఆగి ఉంది,
ఏదో చెప్పబోయి మరిచిపోయిన మనిషిలా.
"మా చెల్లెలు వన్నూరమ్మది సార్.
రాత్రి షిఫ్టు బండి వచ్చి హారను కొడితే సగంలో లేచింది.
మూత పెట్టుక్కా, వచ్చి తాగుతా అనింది.
పెట్టినా."

ఎన్నాళ్లయిందని అడగలేదు.
తయారీ తేదీ పెట్టె అడుగున ఉంది, పదకొండేళ్లు.

గొట్టం ఎటు తిప్పావని అడిగాను, అది నా పని కాబట్టి.
"నా మంచం పక్కకి.
ఒకటే గది. కిటికీ తీస్తే ఎదురుగా అంగనవాడీ."
అంతే. కొంగుతో పెట్టె మీద దుమ్ము తుడిచింది.

చుట్ట మాడిపోయింది.
మార్చాలంటే పావుగంట ఆపాలి, చల్లారుతుందని చెప్పాను.
గ్లాసు బయటికి తీసి, అరచెయ్యి మూతగా పెట్టుకుని కూర్చుంది.
కాలిందేమో. తీయలేదు.
కొట్టంతా చికోరీ వాసన,
ఆ పాలిచ్చిన గేదె ఇప్పుడు ఎక్కడుందో.
నా చేతిలోంచి స్క్రూ రెండుసార్లు జారింది.
ఇరవై నిమిషాలు పట్టింది.

చెయ్యి తీసేసరికి మీగడ కట్టింది.
"గోరువెచ్చగుంది. పర్వాలేదు లే,
అది ఎట్లాగూ ఊదూది తాగేది."
లోపల పెట్టి, మూసి, చెవి ఆనించి విన్నది.

రసీదు పుస్తకం తీశాను.
పేరు చౌడమ్మ. వస్తువు అరగ్లాసు కాఫీ. మార్చింది చుట్ట ఒకటి.
గొట్టం దిశ దగ్గర పెన్ను ఆగింది.
మంచం అని రాస్తే ఆఫీసులో చెల్లదు.
"రాయి సార్, బస్సు పోతాది."
వీధి అనే రాశాను.
కూడబలుక్కుని చదివి నవ్వింది, ముందు పళ్లు రెండు లేవు.

విరిగిన మెట్టు దగ్గర కుక్కను దాటేటప్పుడు
పెట్టెను ఇటు చంక నుంచి అటు చంకకి మార్చి
గొట్టానికి బొటనవేలు అడ్డం పెట్టుకుంది.